ఆకాశ దేవతలు - సంవత్సరాది

ఏటేటా ఉగాది రాగానే మన ఇండ్లలో పిల్లలు అడిగే ప్రశ్న ఒకటున్నది. "మనకు చైత్ర శుద్ధ పాడ్యమినాడు సంవత్సరాది. పక్కింటి ఒడియావారికి ఏప్రిల్ నడుమ పణా సంక్రాంతినాడు. ఎవరి లెక్క సరియైనది?" పెద్దలము "వారిది వారికి, మనది మనకు" అని ఊరుకుంటాము. జవాబు మర్యాదగానే ఉన్నది గాని పిల్లవాని సందేహము తీరదు. ఒడియావారే కాదు, తమిళులు, వంగదేశీయులు కూడ ఏప్రిల్ నడుమనే కొత్త సంవత్సరము చేసుకుంటారు. కన్నడిగులు, మహారాష్ట్రులు మనతోబాటు పాడ్యమినాడే చేసుకుంటారు. కనుక ఇది భాషల నడుమ తగవు కాదు. చంద్రునికి, సూర్యునికి నడుమ తగవు. నాలుగు వేల ఏండ్ల పైబడిన ఈ తగవును ప్రాచీన జాతులు ఎట్లు తీర్చుకున్నదీ వారి దేవతల కథలలోనే కనబడుతుంది. ఆ కథను మాకు తెలిసినంత మట్టుకు ఈ పండుగ సంచికలో విన్నవిస్తున్నాము.

ఆకాశములో రెండు గడియారములున్నవి. చంద్రుడు ఒక అమావాస్య నుండి మరొక అమావాస్యకు రావడానికి ఇంచుమించు ఇరవై తొమ్మిదిన్నర రోజులు పడుతుంది. అట్టి నెలలు పన్నెండు కలిపితే 354 రోజులు. సూర్యుని సంవత్సరమో 365 రోజుల పైచిల్లర. రెండింటికీ నడుమ ఏటికి పదకొండు రోజుల తేడా. చదువు లేనివాడు కూడ చంద్రుని చూసి తిథి చెప్పగలడు. కాని వానలు, కోతలు, ఎండలు చంద్రుని మాట వినవు, అవి సూర్యుని వెంట నడుస్తవి. ఒకరిని నమ్మితే రెండవవారు దూరమవుతారు. ఈ చిక్కు వచ్చిన ప్రతి దేశములోను ఆ ఇద్దరినీ దేవతలుగా కొలిచారు. ఎవరిని పెద్ద చేశారన్నది మాత్రము దేశానికొక తీరుగా ఉన్నది.

టైగ్రిస్, యూఫ్రటీస్ నదుల నడుమ, నేటి ఇరాక్ దేశములో, సుమేరియనులు చంద్రునికే పెద్దరికమిచ్చారు. ఆకాశమునకు అధిపతి అన్. చంద్రుడు నన్న. (ఈ పేరుకు, మన నాన్నకు పోలిక కేవలము కాకతాళీయము.) ఆ చంద్రునికి సూర్యుడైన ఉతు కుమారుడు, శుక్రతారయైన ఇనన్నా కుమార్తె. లోకమంతటికీ వెలుగునిచ్చే సూర్యుడు చంద్రునికి కొడుకవడము మనకు వింతగా తోచవచ్చును. కాని ఆ దేశములో రోజు సూర్యాస్తమయముతో మొదలయ్యేది. పడమట నెలవంక పొడిచిన సాయంకాలమే నెలకు మొదలు. రాత్రి ముందు, పగలు వెనుక. ఆ లెక్కన తండ్రి ముందు, కొడుకు వెనుక.

చంద్రదేవుని ముఖ్య నగరము ఊర్. క్రీ.పూ. 21వ శతాబ్ద ప్రాంతమున ఊర్-నమ్ము అనే రాజు అక్కడ ఆయనకు మెట్టు మెట్టుగా ఎత్తైన ఇటుక కట్టడమును లేపాడు. ఇటువంటి దానిని జిగ్గురాత్ అంటారు. లియొనార్డ్ వూలీ 1922 నుండి 1934 వరకు ఊరులో త్రవ్వకములు జరిపి, ఆ నగర చరిత్రను లోకమునకు తెలిపాడు. అక్కడ దొరికిన ఒక రాతి బిళ్ళపై ఎన్‌హెదువన్నా అనే స్త్రీ రూపము, పేరు ఉన్నవి. ఆమె సార్గాన్ చక్రవర్తి కుమార్తె, ఊరులో చంద్రదేవునికి ప్రధాన పూజారిణి. దేవతలపై స్తోత్రములు ఆమె పేరున నిలిచినవి. లోకములో పేరు తెలిసిన కవులలో మొదటి స్థానము ఆమెకే ఇస్తారు.

తరువాత వచ్చిన బాబిలోనియావారి భాషలో నన్న పేరు సిన్ అయినది; ఉతు షమాష్, ఇనన్నా ఇష్తార్ అయినారు. షమాష్ న్యాయదేవత. పగలంతా ఆకాశమార్గమున నడుస్తూ అన్నీ చూసేవానికి తెలియని తప్పు ఉండదు గదా! మనవారు సూర్యుని కర్మసాక్షి అన్నది కూడ ఈ భావముతోనే. హమ్మురాబి చక్రవర్తి శాసనములు చెక్కిన నల్లరాతి స్తంభము 1901-02లో సూసా నగర త్రవ్వకములలో దొరికినది. ఇప్పుడు పారిస్ నగరములోని లూవ్ర్ ప్రదర్శనశాలలో ఉన్నది. దాని పైభాగమున షమాష్ ఆసనముపై కూర్చొని ఉండగా, రాజు ఎదుట నిలబడి ఉన్నాడు. ఇక ఇష్తార్ మన వేగుచుక్కయే. తెల్లవారుజామున తూర్పున కనబడేదీ, సాయంత్రము పడమట కనబడేదీ ఒకే తార అని వారు గ్రహించారు. హమ్మురాబి వంశీయుడైన అమ్మిసదూక కాలములో ఆ తార ఉదయాస్తమయములను ఏండ్ల తరబడి వ్రాసి ఉంచిన లెక్కకు ప్రతి ఒకటి నేటికీ మిగిలి ఉన్నది. దేవతను కొలిచిన చేతులే ఆ దేవత రాకపోకలను కూడ నమోదు చేసినవి.

తండ్రీకొడుకుల నడుమ పదకొండు రోజుల తేడాను వీరు ఎట్లు సరిపెట్టారు? హమ్మురాబి తన అధికారికి వ్రాయించిన ఉత్తరమొకటి మట్టిపలకపై దొరికినది. ఈ ఏట ఒక నెల ఎక్కువ వస్తున్నది కనుక, రాబోయే నెలను రెండవ ఉలూలుగా వ్రాసుకొమ్మని ఆయన ఆజ్ఞ. అంతటితో ఊరుకోలేదు. తష్రీతు నెల 25వ తేదీన బాబిలోనుకు చేరవలసిన పన్ను, రెండవ ఉలూలు 25వ తేదీకే చేరవలెనని కూడ చెప్పాడు. నెల పెరిగినదనే సాకుతో ఖజానాకు ఆలస్యము కారాదన్నమాట! కరువులో అధికమాసమన్న మన సామెత ఆనాటి రైతుకు బాగుగా అర్థమై ఉండును.

మొదట రాజాజ్ఞతో వచ్చిన ఈ అధికమాసము, తరువాత లెక్కకు లోబడినది. పందొమ్మిది సౌర సంవత్సరములు 235 చాంద్రమాసములకు ఇంచుమించు సమానమని, కనుక పందొమ్మిదేండ్లలో ఏడు నెలలు అధికముగా చేర్చితే సరిపోతుందని బాబిలోనియా గణకులు కనుగొన్నారు. క్రీ.పూ. 5వ శతాబ్దము నాటికి వారి పంచాంగము ఈ పద్ధతిలో స్థిరపడినది. గ్రీకుదేశములో మెటన్ ఇదే చక్రమును క్రీ.పూ. 432లో ఏథెన్సు నగరమున ప్రకటించాడు.

ఈజిప్టువారు వేరు దారి పట్టారు. వారు చంద్రుని పక్కకు నెట్టి, ముప్పది రోజుల నెలలు పన్నెండు, పైన అయిదు రోజులు చేర్చి 365 రోజుల సంవత్సరమును పెట్టుకున్నారు. ఆ అయిదు రోజులకు ఒక చక్కని కథ చెప్పారు. గ్రీకు రచయిత ప్లూటార్కు దానిని తన భాషలో వ్రాసి ఉంచాడు. ఆకాశము వారికి తండ్రి కాదు, తల్లి. ఆమె పేరు నూత్. ఆమె ఏ నెలలోను, ఏ ఏట కూడ ప్రసవించరాదని సూర్యుడు శపించాడు. అప్పుడు బుద్ధికి దేవుడైన థోత్ చంద్రునితో పాచికలవంటి ఆట ఆడి, చంద్రుని వెలుగులో డెబ్బదవ వంతు గెలిచాడు. ఆ వెలుగుతో అయిదు రోజులు చేసి సంవత్సరమునకు చివర చేర్చాడు. ఆ రోజులు ఏ నెలలోనివీ కావు కనుక శాపము తగలలేదు. నూత్ ఆ అయిదు రోజులలో ఒసిరిస్, ఇసిస్ మొదలైన అయిదుగురిని కన్నది. పంచాంగములోని చిల్లరను ఇంత ముద్దుగా లెక్క చెప్పినవారు మరొకరు లేరు! అయినను పావురోజు మిగిలిపోయినది. అందుచేత వారి సంవత్సరాది నాలుగేండ్లకొక రోజు చొప్పున ఋతువులనుండి జారుతూ పోయినది.

ఆ దేశములోనే క్రీ.పూ. 14వ శతాబ్దమున అఖెనాటెన్ అనే రాజు, సూర్యబింబమైన అటెన్ ఒక్కడే పూజ్యుడని, తక్కిన దేవతల పూజలను అణచివేశాడు. ఆయన మరణించిన కొద్ది ఏండ్లకే పాత దేవతలు తిరిగి వచ్చారు. కొత్త రాజధాని పాడుపడినది. ఆకాశమును ఒక్కరికే అప్పగించిన ప్రయత్నము అక్కడ నిలువలేదు.

మన దేశము సంగతికి వద్దాము. వేదములలో ఆకాశము ద్యౌస్, తండ్రి, భూమి తల్లి. గ్రీకుల జియస్, రోమనుల జూపిటర్ పేర్లు ఈ ద్యౌస్ శబ్దమునకు దాయాదులని భాషాశాస్త్రవేత్తలు నిర్ణయించారు. సూర్యునికి ఏడు గుర్రముల రథము. చంద్రునికి దక్షుని కుమార్తెలైన ఇరవై ఏడుగురు నక్షత్రకాంతలు భార్యలు. రోహిణి మీది మక్కువతో తక్కినవారిని మరచినందుకు మామగారి శాపము తగిలి ఆయన క్షీణించడము, మరల పెరగడము మనకు తెలిసిన కథయే. మన ప్రాచీన నక్షత్రపట్టికలు కృత్తికతో మొదలవుతవి. బాబిలోనియావారు చంద్రుని మార్గములోని తారలను వరుసగా చెప్పిన పట్టిక కూడ ఆ కృత్తికా పుంజముతోనే మొదలవుతుంది.

మన తెలుగుమాటలే చూడండి. నెల అంటే చంద్రుడు, నెల అంటే మాసము. పొద్దు అంటే సూర్యుడు, పొద్దు అంటే వేళ. రెండు గడియారములను మనవారు నాలుకపైనే ఉంచుకున్నారు. పండుగలు కూడ అంతే. ఉగాది చంద్రునిది, అందుచేత మార్చి, ఏప్రిల్ నెలల నడుమ ముందు వెనుకలవుతుంది. మకర సంక్రాంతి సూర్యునిది, అది జనవరి 14, 15 తేదీలను దాటిపోదు. సూర్యుడు కొత్త రాశిలో ప్రవేశించని చాంద్రమాసమును అధికమాసమని లెక్కించి, ఇద్దరినీ కలుపుతూ వచ్చాము; 2023లో అధిక శ్రావణము వచ్చినది అట్లే. ఒడియావారి సంగతి కూడ ఇంతే. వారి సంవత్సరాది సూర్యునిది. కోణార్కలో ఇరవైనాలుగు చక్రముల రథముగా సూర్యునికి గుడి కట్టిన దేశము గదా! కాని పురీ జగన్నాథుని రథయాత్ర ఆషాఢ శుద్ధ విదియనాడు, చంద్రుని లెక్కనే బయలుదేరుతుంది. కనుక పిల్లవానికి చెప్పవలసిన జవాబు ఇది: రెండు లెక్కలూ సరియైనవే, రెండు ఇండ్లలోనూ రెండూ ఉన్నవి. మొదటి పీట ఎవరికి వేశారన్నదే తేడా.

అయితే లెక్క సరిగా ఉన్నంత మాత్రాన పండుగ జరుగుతుందా? జరగదు. దీనికి కూడ బాబిలోనియా చరిత్రయే సాక్ష్యము. వారి సంవత్సరాది పేరు అకీతు. వసంత ఋతువున, నిసాన్ను నెల మొదటి పన్నెండు రోజులు మర్దుక్ దేవుని ఉత్సవము జరిగేది. నాలుగవనాడు సృష్టికథను పఠించేవారు. మర్దుక్ తారలను వాటి చోట్ల నిలిపి, నెలలు చూపే పని చంద్రునికి అప్పగించడము అందులోనే ఉన్నది. అయిదవనాడు పూజారి రాజు కిరీటము, రాజదండము తీసి పక్కన పెట్టి, రాజు చెంపపై కొట్టేవాడు. రాజు కంట నీరు వస్తే దేవుడు ప్రసన్నుడైనట్లు. తరువాత రాజు దేవుని చేయి పట్టి ఊరేగింపుగా నగరము వెలుపలకు తీసికొని పోయేవాడు. రాజు లేనిదే ఈ ఉత్సవము లేదు.

క్రీ.పూ. 556లో రాజైన నబొనైదసు చంద్రభక్తుడు. చంద్రగ్రహణమును దైవసూచనగా భావించి, తన కుమార్తెను ఊరు నగరమున చంద్రదేవునికి పూజారిణిగా అర్పించాడు, జిగ్గురాతును బాగుచేయించాడు. కాని ఆయన బాబిలోనును విడిచి, అరేబియా ఎడారిలోని తైమాలో ఇంచుమించు పదేండ్లు ఉండిపోయాడు. రాజు తైమాలోనే ఉన్నాడని, దేవుడు ఊరేగలేదని, అకీతు జరగలేదని ఆనాటి వృత్తాంతము వ్రాసిన లేఖకుడు ఏటికేడు ఒకే మాట వ్రాసుకుంటూ పోయాడు. ఆ పదేండ్లలో నెలవంక తప్పక పొడిచినది. నిసాన్ను నెల తప్పక వచ్చినది. గణకుల లెక్కలో పొరబాటు లేదు. పండుగ మాత్రము రాలేదు. రావలసిన మనిషి రాలేదు గనుక. చివరకు రాజు తిరిగి వచ్చి క్రీ.పూ. 539లో అకీతు జరిపాడు. ఆ ఏడే అక్టోబరులో పర్షియా రాజు సైరసు సేనలు బాబిలోనును పట్టుకున్నవి.

ఇప్పుడు మన మాట. తాతముత్తాతల నాడు ఇక్కడికి వచ్చి స్థిరపడిన కుటుంబములు మనవి. మన పిల్లలలో పలువురికి తెలుగు మాట వచ్చునుగాని అక్షరము రాదు. పంచాంగము చేతికిస్తే తిరగేసి చూసి ఇచ్చివేస్తారు. రేపు వారు గోడకు తగిలించిన క్యాలెండరులో ఉగాది తేదీ చూడగలరు. తేదీ చూసినవాడు వేపపూత కోసుకొని వస్తాడా, పంచాంగ శ్రవణానికి వచ్చి కూర్చుంటాడా అన్నది వేరు సంగతి. మన పండుగకు రాజుతో పని లేదు. ఆ చేయి పట్టవలసినది మనమే.

ఊరు నగరము ఏమైనదో చెప్పి ముగిస్తాము. యూఫ్రటీస్ నది దారి మార్చుకున్నది; క్రీస్తుకు పూర్వమే ఆ ఊరు పాడుపడినది. కాని అక్కడికి వందలాది మైళ్ళ దూరమున, నేటి టర్కీలో, హర్రాన్ అనే పట్టణమున్నది. వర్తకుల బిడారులు ఆగే చోటు. ఆ పేరుకు వారి భాషలో బాట అని అర్థము. క్రీ.పూ. 18వ శతాబ్దము నాటికే అక్కడ చంద్రదేవునికి గుడి ఉన్నది. ఊరులో దీపము ఆరిపోయిన తరువాత వెయ్యేండ్లకు పైగా ఆ బాటసారుల పట్టణములో ఆకాశ దేవతల పూజ నిలిచినది. క్రీ.శ. 9వ శతాబ్దమున బాగ్దాదులో పేరుపొందిన ఖగోళవేత్త సాబిత్ ఇబ్న్ ఖుర్రా ఆ హర్రాను ఆరాధకులలోనివాడే. సొంత ఊరిలో నిలువనిది బాటమీది ఊరిలో నిలిచినది. అక్కడివారు ఏటేటా దానిని విడువకుండా చేసుకున్నారు.

అందరికీ నూతన సంవత్సర శుభాకాంక్షలు.