సెల్మా వంతెనా, మన వీసాలూ

మనలో చాలామందికి ఈ దేశ చరిత్ర సిటిజన్‌షిప్ పరీక్షకు చదివినంత మటుకే తెలుసు. నల్లవారి పోరాటం అనగానే మార్టిన్ లూథర్ కింగ్ పేరూ, జనవరిలో ఒక సెలవు దినమూ గుర్తుకొస్తాయి. హెన్రీ హాంప్టన్ తీసిన ‘ఐస్ ఆన్ ది ప్రైజ్’ చూస్తే ఆ చరిత్ర మనకెంత దగ్గరిదో తెలుస్తుంది.

హాంప్టన్ 1940లో సెయింట్ లూయిస్‌లో పుట్టారు. పదిహేనో ఏట పోలియో సోకి ఒక కాలు చచ్చుబడింది. 1965 మార్చి 7న అలబామాలోని సెల్మాలో, ఓటుహక్కు కోసం వంతెన దాటబోయిన సుమారు 600 మందిని పోలీసులు లాఠీలతో చితకబాదారు. రెండు రోజుల తర్వాత కింగ్ వెంట అదే వంతెన మీదికి నడిచినవారిలో, బోస్టన్‌లో ఒక చర్చి సంస్థ ఉద్యోగిగా ఉన్న హాంప్టన్ కూడా ఉన్నారు. దీన్ని సినిమాగా తీయాలని ఆయనకు అక్కడే తోచింది. 1968లో బ్లాక్‌సైడ్ అనే సంస్థ స్థాపించారు. అయినా ఆ తలంపు తెరకెక్కడానికి ఇరవై రెండేళ్ళు పట్టింది. 1987లో ఆరు భాగాలు, 1990లో మరో ఎనిమిది పబ్లిక్ టెలివిజన్‌లో వచ్చాయి.

చిత్రీకరణకు ముందే ఆయన చరిత్రకారులనూ, ఉద్యమంలో పనిచేసినవారినీ పిలిపించి తన బృందానికి పాఠాలు చెప్పించారు. తెర మీద మాత్రం పండితులుండరు. నాడు అక్కడ ఉన్నవారే మాట్లాడతారు. పేరు పడ్డ నాయకులతో సమానంగా ఊరూ పేరూ ఎవరికీ తెలియని మనుషులు కనిపిస్తారు.

పాత ఫిల్ములకూ పాటలకూ కొన్న హక్కుల గడువు తీరిపోయి 1990లలో ఈ ప్రసారం ఆగిపోయింది. హాంప్టన్ 1998లో మరణించారు. విరాళాలతో హక్కులు మళ్ళీ కొన్నాక, 2006లో అది తిరిగి టెలివిజన్‌లోకి వచ్చింది.

ఇక మన సంగతి. సెల్మా తర్వాత, 1965 ఆగస్టు 6న ఓటుహక్కు చట్టం వచ్చింది. అదే ఏడు అక్టోబరు 3న కొత్త వలస చట్టం మీద సంతకమైంది. అంతకుముందు ఇండియా కోటా ఏడాదికి 100 మంది! జాతిని బట్టి మనిషిని తూచకూడదన్న మాట దేశమంతా బలపడబట్టే, పుట్టిన దేశాన్ని బట్టి కోటాలు పెట్టే పద్ధతి పోయింది. మన డిగ్రీలు చూసి తలుపు తీశారని మనం అనుకుంటాం. ఆ గడియ తీసినవారిలో లాఠీదెబ్బలు తిన్నవారున్నారు.

కొత్తగా వచ్చినవారికి ‘ఆ పేటలో ఇల్లు కొనకండి, అక్కడంతా వాళ్ళే’ అని సలహా చెప్పేవాళ్ళం మనలోనే ఉన్నాం. పిల్లలు ఆ మాట వింటున్నారు. వాళ్ళను పక్కన కూర్చోబెట్టుకుని సెల్మా భాగమైనా ఒకసారి చూడండి. ఆ తర్వాత కూడా ఆ సలహా నోట వస్తుందేమో చూద్దాం.