పాత చలనచిత్రములు: జాడ తీయుట, హక్కు పొందుట

ఇటీవల మాజ్రిలో మనవారి యింట నొక రేకుడబ్బాను అటకమీదినుండి దింపిరి. మూత తీయగానే వెనిగరు వాసన గుప్పుమనెను. లోపల నున్నది పూర్వ మెన్నడో తీసిన మన ఉగాది యుత్సవముల ఫిలిము. అసిటేటు ఫిలిము చెడునపుడు వచ్చు వాసన యదియే. వేడియు తేమయు దానికి శత్రువులు. చాందా ఎండల నెరిగినవారికి వేరుగ చెప్పనేల? బొగ్గుగనుల వెంట వచ్చి స్థిరపడిన మన కుటుంబములను గూర్చి యువకు లొక చిత్రము తీయ సంకల్పింపగా, పాత దృశ్యము లెచ్చట దొరకును, ఎవరి యనుమతి కావలెను అను ప్రశ్న పుట్టినది.

మిగిలినది స్వల్పము. 1921లో రఘుపతి వెంకయ్యగారును, వారి కుమారుడు ప్రకాశును మద్రాసులో నిర్మించిన ‘భీష్మ ప్రతిజ్ఞ’ నేడు లేదు. 1932 నాటి తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’యు అంతే. వెండి కొఱకు రీళ్లను కరిగించినవారు కొందఱు. నైట్రేటు ఫిలిము తనంతట తానే మండు గుణము గలది. 2003లో పుణెలో జరిగిన అగ్నిప్రమాదమున అట్టి రీళ్లెన్నో బూడిద యయ్యెను. 1964లో అచ్చట నెలకొన్న జాతీయ చలనచిత్ర భాండాగారమునకు, పి.కె. నాయర్‌గారు ఊరూర తిరిగి సేకరించినందుననే ఫాల్కే చిత్రముల శకలములైనను దక్కినవి. ఇక 1948లో ఏర్పడిన ఫిలింస్ డివిజను వార్తాచిత్రములను, సినిమాకు ముందు హాలులో చూచిన పెద్దలు మఱవలేరు. ఆ సంస్థ 2022లో జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో లీనమైనది.

దొరకినంత మాత్రమున పని తీరదు. రీలు ఒకరిది, హక్కు మఱొకరిది. భాండాగారము ప్రతిని చూపగలదు. వాడుకొనుటకు అనుమతి నిర్మాతయో, ఆయన వారసులో ఈయవలెను. ఎన్ని నిమిషములు, ఏ దేశములందు, టెలివిజనులోనా హాలులోనా, ఎన్ని యేండ్లకు అను లెక్కపై రుసుము నిర్ణయమగును. తక్కువకు వచ్చునని ఒక్క ప్రదర్శనకే అనుమతి కొని, పిదప చిక్కులలో పడినవారు పెక్కురు.

1957 నాటి చట్టము ప్రకారము చిత్రముపై హక్కు, విడుదలైన మఱుసటి సంవత్సరారంభమునుండి 60 ఏండ్లు. ‘మాయాబజార్’ 1957లో వెలువడినది గనుక, చిత్రముపై గడువు 2017తో తీరినది. కాని పాట వేఱు! సాహిత్యమునకును, సంగీతమునకును కర్త మరణానంతరము 60 ఏండ్లు. పింగళి నాగేంద్రరావుగారు 1971లో, ఘంటసాలగారు 1974లో గతించిరి. కావున ఆ చిత్రమునందలి పింగళివారి పదములపై హక్కు 2031 వరకును, ఘంటసాలవారి బాణీలపై హక్కు 2034 వరకును నిలుచును. దృశ్యము స్వేచ్ఛగా దొరికినను, పాట వినిపింపవలెనన్న మరల తలుపు తట్టవలసినదే. ఈ మెలిక నెరుగక మన యువకులు తొలుత తమ చిత్రమునం దొక పాట యంతయు చేర్చిరి!

మన డబ్బా సంగతి మఱింత చిత్రము. ప్రకటింపబడని చిత్రమునకు 60 ఏండ్ల గడువు మొదలే కాదు. తీయించినవారిదే హక్కు, తదుపరి వారసులది. వారి నుండి రెండు పంక్తుల లిఖితపూర్వకమైన అనుమతి చాలును. ఆ రీలు ప్రస్తుతము చల్లని గదిలో భద్రముగ నున్నది. మూతపై పేరు సగము చెరిగినది. దానిని తీయించినవా రెవరో తెలిసిన పెద్దలు సంఘమునకు తెలుప ప్రార్థన.