ఈ-ర్యాంకు కుర్రాడి ముత్తాతలు

డ్యూటీల వల్ల ఈ వారం ఎపిసోడ్ వినలేకపోయినవాళ్ల కోసం, అందులో మాట్లాడిందే ఇక్కడ కాస్త సర్ది పెడుతున్నా.

మహబూలా నుంచి ఒక తమ్ముడు వాయిస్ మెసేజ్ పెట్టాడు. "అన్నా, మా రూమ్‌లో అందరూ ఫోన్లో ఈ కొరియా బొమ్మల కథలే చదువుతున్నారు. ఏ కథ తీసినా మొదట హీరోని ఎవడూ లెక్కచెయ్యడు. వాళ్లకెందుకన్నా అదంటే అంత ఇష్టం?"

మంచి ప్రశ్న. ముందు అందరికీ తెలిసిన 'సోలో లెవెలింగ్' చూద్దాం. చుగాంగ్ అనే రచయిత 2016లో వెబ్ నవలగా మొదలుపెట్టాడు, 2018లో బొమ్మల కథ అయింది. హీరో సంగ్ జిన్‌వూ ఈ-ర్యాంకు వేటగాడు, అంటే అట్టడుగు. వాళ్లమ్మ ఆస్పత్రిలో లేవకుండా పడి ఉంటుంది, చెల్లెలు చదువుకుంటోంది. ఆ ఖర్చుల కోసమే దెబ్బలు తింటూ పనికి వెళ్తుంటాడు. ఇంతవరకు మనలో సగం మంది కథే. ఆ లోకంలో ర్యాంకు ఒకసారి కొలిచి రాశారంటే అదే ఖాయం, మారడం వేయిలో ఒకరికి. ఇదీ మనకి కొత్తేం కాదు. 20 నంబర్ వీసా మీద వచ్చినవాళ్లు 18కి మారడానికి 2024లో జూలై నుంచి సెప్టెంబర్ దాకా రెండు నెలలు తలుపు తీసినప్పుడు ఎంతమంది పరిగెత్తారో మీకు తెలుసు.

కొరియాలో ఈ ర్యాంకు గొడవ నిన్న మొన్నటిది కాదు. వాళ్లు తరతరాలుగా చెప్పుకునే కథ 'హాంగ్ గిల్‌డాంగ్'ది. 1618లో రాజద్రోహం కింద మరణశిక్ష పడిన హో గ్యున్ రాశాడని చాలాకాలంగా అంటారు. మనకి దొరికే ప్రతులు 19వ శతాబ్దానివని, ఆయన రాసింది కాదని ఈమధ్య పండితుల వాదన. ఎవరు రాసినా సరే, కథ మాత్రం గుండెకి తగులుతుంది. గిల్‌డాంగ్ మంత్రి కొడుకే, కానీ తల్లి ఆ ఇంట్లో దాసి. అందుకని తండ్రిని 'నాన్నా' అని పిలవకూడదు, అన్నని 'అన్నా' అనకూడదు. అలాంటి పిల్లలు పెద్ద కొలువుల పరీక్ష రాయకుండా అప్పట్లో నిజంగానే కట్టడి ఉండేది. వాడు ఇల్లు వదిలి దొంగల నాయకుడవుతాడు, అవినీతి అధికారుల కొట్లు దోచి పేదలకి పంచుతాడు. గడ్డిబొమ్మలకి ప్రాణం పోసి ఎనిమిది రాష్ట్రాల్లో ఎనిమిది మంది గిల్‌డాంగ్‌లుగా తిరుగుతాడు! చివరికి రాజు యుద్ధ మంత్రి పదవి ఇస్తే, అది పుచ్చుకుని, దేశమే వదిలి వెళ్లిపోతాడు.

ఆ పేరుతో అసలు దొంగ కూడా ఉన్నాడు. 1500లో పట్టుబడ్డాడు. పెద్ద అధికారి వేషంలో పట్టపగలు ప్రభుత్వ కార్యాలయాల్లోకి దర్జాగా వెళ్లేవాడని రాజుగారి దినచర్యల్లోనే రాసి ఉంది.

ఇది చదివితే నాకు మన సర్వాయి పాపన్నే గుర్తొచ్చాడు. కల్లు గీసే ఇంట పుట్టినవాడు, 1708లో ఏకంగా వరంగల్ కోట మీద పడ్డాడు. మరుసటి ఏడు బహదూర్ షా హైదరాబాదుకొస్తే కానుకలతో దర్బారుకెళ్లాడు. చక్రవర్తి ఖిల్లత్తు ఇచ్చాడు. అంతే, పెద్దింటి వాళ్లు గోల పెట్టారు, గీత పనివాడికి దర్బారులో గౌరవమా అని. ఆ గోలలో ఇంకో బాధ కూడా ఉంది, అది దాచకూడదు: వరంగల్‌లో పాపన్న వాళ్ల ఆడవాళ్లని కూడా పట్టుకుపోయాడు. 1710లో ఆయన్ని చంపించారు. మొగలుల చరిత్రకారుడికి ఆయన దుర్మార్గుడు, జనం పాటల్లో వీరుడు. నేనైతే రెండూ విని, పాట వైపు కాస్త ఎక్కువ మొగ్గుతా.

ఇక అసలు తేడా. గిల్‌డాంగ్‌కి 'పేదల్ని కాచే ముఠా' ఉంది. పాపన్న వెంట రకరకాల కులాలవాళ్లు, ముసల్మానులు కూడా నడిచారు. సోలో లెవెలింగ్ కొరియన్ పేరుకి అర్థమేంటో తెలుసా? 'నేనొక్కడినే లెవెల్ అప్' అని. జిన్‌వూ ఒక్కడే పైకెళ్తాడు. అతను సైన్యంగా లేపే నీడలు కూడా చచ్చినవాళ్లవే. మిగతా ఈ-ర్యాంకువాళ్లు అక్కడే, ఆ జీతానికే ఉంటారు. కొరియాలో పుట్టుకతో వచ్చే అంతస్తుల చట్టాన్ని 1894లోనే తీసేశారు. ఇప్పటి పోటీ చదువులు, ఉద్యోగాల లోకంలో ఒక్కడే ఎదిగే కల అమ్ముడవడం సహజమే. రాత్రి బంకర్ బెడ్ మీద పడుకుని చదివేటప్పుడు నాకూ మజాగానే ఉంటుంది, అబద్ధమెందుకు. కానీ పైబెడ్ వాడు ఏమయ్యాడన్న ప్రశ్న ఆ కథ అడగదు. పాత కథ అడిగింది.

గిల్‌డాంగ్ సముద్రం దాటే ముందు రాజుని చివరిగా ఏం అడిగాడో చెప్పి ఆపేస్తా. కోట కాదు, బంగారం కాదు. తన వెంట వచ్చేవాళ్లకి వెయ్యి బస్తాల బియ్యం. రాజు ఇచ్చాడు. వాటిని నది ఒడ్డున ఎక్కించుకుని, మనుషులందరితో కలిసి బయలుదేరాడు.