పన్నెండు మెట్ల కిన్నెర.. పల్లె నుంచి వెండితెరకు

నాగర్‌కర్నూల్‌: నల్లమల అంచున ఉన్న లింగాల మండలం అవుసలికుంట గ్రామానికి చెందిన దర్శనం మొగులయ్య పేరు చెప్పగానే భుజాన కిన్నెర, తలకు పాగాతో ఉన్న రూపమే గుర్తుకు వస్తుంది. పన్నెండు మెట్ల కిన్నెరను వాయిస్తూ కథాగానం చేసే అతి కొద్దిమంది కళాకారుల్లో ఆయన ఒకరు. వంశపారంపర్యంగా అబ్బిన ఈ విద్యతో ఆయన దశాబ్దాల పాటు ఊరూరా తిరిగి పాడుతూ, జనం ఇచ్చినదానితో కుటుంబాన్ని పోషించుకున్నారు.

కిన్నెర డక్కలి కళాకారుల వాద్యం. వెదురు దండెకు ఎండిన సొరకాయ బుర్రలను అమర్చి, మెట్లను తేనె మైనంతో నిలుపుతారు. పూర్వం మెట్లకు అలుగు పొలుసులు వాడేవారు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం అలుగుకు రక్షణ కల్పించినందున పాత పద్ధతిలో కిన్నెరను తయారు చేయడం ఇప్పుడు సాధ్యం కాదు. వాద్యం అరుదైపోవడానికి వాయించేవారు తగ్గడం ఒక్కటే కారణం కాదన్నమాట.

పాలమూరు ప్రాంతంలో ఉన్నవారిని దోచి లేనివారికి పంచాడని జనం చెప్పుకొనే పండుగ సాయన్న గాథ మొగులయ్య పాడే కథల్లో ప్రసిద్ధమైనది. రాష్ట్ర ప్రభుత్వం 2015లో ఆయనకు ఉగాది పురస్కారం అందజేసింది. ఎనిమిదో తరగతి సాంఘికశాస్త్ర పాఠ్యపుస్తకంలోనూ ఆయన కళకు చోటు దక్కింది. అయినా జిల్లా వెలుపల ఆయనను ఎరిగినవారు తక్కువే.

ఆ పరిస్థితిని ఒక్క పాట మార్చింది. తమన్‌ సంగీత దర్శకత్వంలో ‘భీమ్లా నాయక్‌’ చిత్రం కోసం రూపొందిన టైటిల్‌ గీతం 2021 సెప్టెంబరు 2న విడుదలైంది. కథానాయకుని పుట్టుపూర్వోత్తరాలు చెప్పే ఆరంభ భాగాన్ని మొగులయ్యే పాడారు. గీతం వీడియోలో కిన్నెరతో కనిపించారు. చిత్రం 2022 ఫిబ్రవరి 25న విడుదలయ్యేనాటికే ఆయనకు పద్మశ్రీ ప్రకటించారు. ఆ ఏడాది మార్చిలో రాష్ట్రపతి భవన్‌లో పురస్కారం స్వీకరించారు. ‘బలగం’ (2023) చిత్రంలో పాడిన వరంగల్‌ జిల్లా కళాకారుడు పస్తం మొగిలయ్య వేరు. ఆయన 2024 డిసెంబరు 19న కన్నుమూశారు. పేరులోని పోలిక వల్ల ఇద్దరినీ ఒకరిగా పొరబడేవారు నేటికీ ఉన్నారు.

పద్మశ్రీ తరువాత రాష్ట్ర ప్రభుత్వం కోటి రూపాయలు, ఇంటి స్థలం ప్రకటించింది. కాగా 2024 మే నెలలో మొగులయ్య హైదరాబాద్‌ శివారు తుర్కయాంజాల్‌లో నిర్మాణ పనుల వద్ద కూలీగా కనిపించడం సంచలనమైంది. వచ్చిన సొమ్ము కుటుంబ అవసరాలకు ఖర్చయిందని, నెలకు రూ.10 వేల గౌరవ వేతనం నిలిచిపోయిందని ఆయన తెలిపారు. పాఠ్యపుస్తకంలో ఉన్న మనిషి ఇటుకల మధ్య కనిపించడం పలువురిని కలచివేసింది. అనంతరం అదే ఏడాది హయత్‌నగర్‌లో 600 చదరపు గజాల స్థలం పత్రాలను ప్రభుత్వం ఆయనకు అందజేసింది.