గదయు గుత్పయు

ఆయుధముల చరిత్ర వ్రాయువారు తఱచుగా ఖడ్గముతో నారంభించి ఫిరంగితో ముగింతురు. కర్రకు వారి గ్రంథములలో చోటు తక్కువ. కత్తికి గని కావలెను, కొలిమి కావలెను, కమ్మరి కావలెను. కర్రకు చెట్టొకటి చాలును. అందఱకును దొరకు వస్తువునకు గౌరవము లేకపోవుట లోకరీతి. కాని పదును లేక, మొన లేక, కేవలము బరువు చేతను వేగము చేతను ఎముకలు విఱుచు నీ యాయుధజాతి చరిత్రలో, రాజులు గెలిచిన యుద్ధములకంటె పెద్దదైన విషయ మొకటి దాగియున్నది. ఒకరిని దండించు అధికార మెవరిది? ఆ యధికారమునకు హద్దేది? ఈ ప్రశ్నలకు సమాధానము ప్రతి యుగమునను కర్ర పట్టిన చేతిని బట్టియే మాఱుచు వచ్చినది.

మన భాషయే యిందుకు సాక్షి. దండ మనగా కర్ర. దండ మనగా శిక్ష. దండ మనగా సైన్యము. దాని నుండియే మన దండు. దండ మనగా నమస్కారము కూడ. కర్ర యెత్తినవాడును, కర్రకు వెఱచి చేతులు మోడ్చినవాడును ఒకే మాటలో నిమిడియున్నారు. రాజనీతికి మన పూర్వులు దండనీతి యని పేరిడిరి. మితిమీఱిన దండము జనులకు భీతి గొల్పుననియు, దుర్బలమైన దండము తిరస్కారమునకు పాత్రమగు ననియు, తగిన దండమే పూజ్యమనియు కౌటిల్యుడు చెప్పెను. కర్ర యవసరమని చెప్పిన నోటనే దానికి హద్దు కూడ చెప్పుట గమనింపదగినది.

సంస్కృతమున నీ జాతి యాయుధములకు గద, ముద్గరము, ముసలము, పరిఘ మున్నగు పేళ్లు గలవు. వీనిలో గద యొక్కటియే పుట్టుకచేత నాయుధమని తోచును. ముద్గరము వడ్రంగి చేతి కొయ్యసుత్తెకు తోబుట్టువు. ముసలము మన యింటి రోకలి. పరిఘ తలుపు వెనుక వేయు అడ్డమ్రాను. అనగా రైతును, గృహిణియు, పనివాడును ఆపద వచ్చినపుడు చేతికందిన వస్తువును పైకెత్తగా, తరువాతి కాలమున వీరులు దానికి ఇనుపకట్లు వేసి తమ దనిరి. అగ్నిపురాణములోని ధనుర్వేదము ఆయుధములను యంత్రముచేత విడుచునవి, చేతితో విసరునవి, విసరి మరల పట్టునవి, విడువక పట్టి పోరునవి అని విభజించి, వట్టి చేతుల పోరును వాని సరసన నైదవదిగా లెక్కించినది. గద విడువక పట్టునది. దానిని ప్రయోగించువాడు శత్రువు ముఖము చూడక తప్పదు.

ఈ యాయుధమునకు ధర్మము కూడ విధింపబడియుండెను. నాభికి దిగువను గదతో కొట్టరాదు. భీముడు దుర్యోధనుని తొడలు విఱుగగొట్టినపుడు, ఇద్దఱకును గదావిద్య నేర్పిన బలరాముడు నాగలి యెత్తి భీమునిపై కవియబోయెను. కృష్ణు డడ్డగింపవలసి వచ్చెను. పాండవులది న్యాయమైన పక్షమే. అయినను న్యాయపక్షము అన్యాయపు దెబ్బ కొట్టవచ్చునా యను సందేహమును భారతము దాచిపెట్టలేదు. తెలుగున నీ ఘట్టమును రచించిన తిక్కన కాలము, అనగా పదుమూడవ శతాబ్ది, ఓరుగల్లున కాకతీయులు వెలసిన కాలమే.

ఆ కాకతీయుల నాటి శిల్పసంపదకు మన ప్రాంతము పుట్టినిల్లు. గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు 1213లో పాలంపేట యందు నిర్మించిన రామప్ప దేవాలయము, 2019లో ములుగు జిల్లా యేర్పడువఱకు భూపాలపల్లి జిల్లాలోనిదే. 2021లో యునెస్కో దానిని ప్రపంచ వారసత్వసంపదగా గుర్తించినది. గణపురము కోటగుళ్లు నేటికిని భూపాలపల్లి జిల్లాలోనివే. మహబూబాబాదు జిల్లా కురవిలో ముదిగొండ చాళుక్యులనాటి నుండి పేరొందిన వీరభద్రుని క్షేత్రము కలదు. వీరభద్రుని మూర్తికి ఖడ్గఖేటకములు లక్షణము. శైవాలయముల ద్వారమున నిలుచు ద్వారపాలకునికి మాత్రము గదయే లక్షణము. అతడు దానిని పైకెత్తడు. దానిపై నానుకొని నిలుచును. గద యిచట కొట్టుటకు గాదు, ఎవరు లోనికి రావచ్చునో ఎవరు రాగూడదో చెప్పుటకు. ఆనాటి సేనానులకు దండనాయకు లని వ్యవహారము. రాజు ఇంటి ముందటను, దేవుని ఇంటి ముందటను కర్ర యధికారమునకు గుఱుతై నిలిచినది. కొన్ని కులములవారిని శతాబ్దములపాటు గుడి వెలుపలనే నిలిపిన సమాజమున, ద్వారమున నున్న యా గద శిలయై యూరకున్నదని చెప్పుటకు వీలులేదు.

ఐరోపాఖండమున గూడ కథ యిట్టిదే. పదునాలుగు, పదునైదవ శతాబ్దులలో ఉక్కురేకుల కవచము వృద్ధిచెందగా ఖడ్గధార దానిపై జాఱిపోయెడిది. అపుడు ఇనుపరెక్కల గదలకును, యుద్ధపు సుత్తెలకును గిరాకి హెచ్చెను. కవచము చీలకున్నను దెబ్బ లోపలి మనుష్యునికి తగులును గదా! ఈ చరిత్రకు చిత్రమైన యొక కట్టుకథ యంటుకొన్నది. క్రైస్తవ గురువులు రక్తము చిందింపరాదు గావున కత్తిని మాని గదతో యుద్ధము చేసిరని చెప్పుదురు. 1066 నాటి హేస్టింగ్సు యుద్ధమును బట్టపై కుట్టుపనితో చిత్రించిన బేయూ చిత్రపటమున, ఓడో యను బిషప్పు దుడ్డుకర్ర పట్టి గుఱ్ఱముపై నుండుటయే వారి యాధారము. కాని అదే చిత్రమున విలియము ప్రభువు చేతను అట్టి కర్రయే యున్నది. అది నాయకత్వమునకు చిహ్నమని తలచుట సమంజసము. 1215 నాటి లాటరన్ మహాసభ గురువులు మరణశిక్ష విధింపరాదనియు, రక్తపాతమున పాల్గొనరాదనియు శాసించినది. శస్త్రచికిత్సను సయితము వారికి నిషేధించినది. కత్తి వలదు, కర్ర మేలు అని యా సభ యెవ్వరికిని సెలవీయలేదు.

అయినను ఆ కట్టుకథ క్రొత్త జన్మ మెత్తినది. 1974లో అమెరికాలో గేరీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అనువారు డంజన్స్ అండ్ డ్రాగన్స్ అను క్రీడను ప్రకటించిరి. ఆడువారు కూర్చుండి, పాచికలు వేయుచు, తాము వీరులమో మంత్రవాదులమో అయినట్లు కల్పించుకొని కథ నడుపుదురు. అందు గురువు పాత్రకు పదునుగల యాయుధములు నిషిద్ధములు. గద, సుత్తె వంటివి మాత్రమే తగును. ఈ క్రీడావంశమున తరువాత వచ్చిన నియమములలో గాయములు మూడు తెఱగులు: కోత, పోటు, మొద్దుదెబ్బ. ఎముకలగూడు రూపమున వచ్చు భూతములు మొద్దుదెబ్బకు సులువుగా లొంగును. ఒక రాత్రి విశ్రమించిన వీరుడు మఱునాటికి పూర్ణబలముతో లేచును. క్రీడ క్రీడయే, దానిని తప్పుపట్టుట నా యుద్దేశము గాదు. బాలుర కల్పనాశక్తికి అది మేలు కూడ చేయవచ్చును. కాని రక్తము కానరాని దెబ్బ మెత్తని దెబ్బ యను భ్రమ మాత్రము ఆటలో పుట్టినది గాదు, ఆటతో పోవునదియు గాదు. లాఠీ నెత్తిన ప్రతి ప్రభుత్వమును ఆ భ్రమనే యాశ్రయించినది. 1928 అక్టోబరు 30వ తేదీన లాహోరున సైమన్ కమీషన్ రాకను నిరసించుచు లాలా లజపతిరాయి లాఠీదెబ్బలు తినెను. పదునెనిమిది దినములకు మరణించెను. ఆ దెబ్బలే యాయన ప్రాణము గొన్నవని దేశము నమ్మినది.

రాజద్వారమున నున్న కర్ర చరిత్ర యిట్టిది. పల్లెలో నున్న కర్ర చరిత్రకు మనము దూరము పోనక్కఱలేదు. నైజాము రాజ్యమున నల్లగొండ జిల్లాలో చేరియుండిన జనగామ తాలూకాలో విసునూరు దేశముఖు అధికారము చెల్లుచుండెను. వెట్టి యచటి శాసనము. 'బాంచెన్, కాల్మొక్త' యనుట అచటి మర్యాద. దొర మనుష్యుల చేతిలో నుండినది కర్రయే. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ పంటను కొల్లగొట్ట వచ్చినవారి చేతిలోనిదియు కర్రయే. ఆమె రోకలిబండ యెత్తి వారిని తఱిమినదని జనులు నేటికిని చెప్పుకొందురు. ఆమెకు ముసల మను సంస్కృతపదము తెలియనక్కఱలేదు. ముసలము పుట్టిన చోటనే అది మరల నాయుధమైనది.

1944లో భువనగిరి యందు రావి నారాయణరెడ్డి యధ్యక్షతను జరిగిన ఆంధ్రమహాసభ తరువాత ఊరూర సంఘములు వెలసెను. 1946 జూలై 4వ తేదీన కడవెండిలో ఊరేగింపుగా వచ్చిన జనుల చేతులలో కర్రలును వడిసెలలును ఉండెను. దొర మనుష్యులు గడి నుండి తుపాకులు కాల్చిరి. దొడ్డి కొమరయ్య నేల కొరిగెను. జనులు చెదరిపోలేదు; గడిని చుట్టుముట్టిరి. ఆ పిమ్మట వాలంటీర్లు చేతికందిన దుడ్డుకర్ర, మన యూళ్ల మాటలో గుత్ప, పట్టి ఊరి నుండి ఊరికి తరలిరి. ఇక వెట్టి సేయమని చాటిరి. సంఘమునకు గుత్పల సంఘమని పేరు వచ్చినది.

ఇచట చరిత్రకారుడు నిలిచి యోచింపవలసిన దొకటి గలదు. గుత్ప తుపాకితో సరితూగు నాయుధము గాదు. ఒక్కడు గుత్ప పట్టి ఒక గడిని లోబఱచుకొనలేడు. నూఱుమంది కలిసి నడిచిననే దానికి బలము. నూఱుమంది నడువవలె నన్నచో నూఱుమంది సమ్మతింపవలెను. గుత్ప గెలిచినదనుట కంటె, దానిని పట్టుటకై ఊరంతయు ఒక్కటగుట గెలిచినదనుట సత్యము. తుపాకి యట్టిది గాదు. అది ఒక్కనిని నూఱుమందికి సమానుని చేయును. 1947 సెప్టెంబరులో సాయుధపోరాటమునకు పిలుపు వచ్చినది. 1948 సెప్టెంబరులో భారతసైన్యము ప్రవేశించి నైజాము పాలనకు అంతము పలికినను, పోరు ఆగక 1951 అక్టోబరు వఱకు సాగినది. రజాకార్ల దౌర్జన్యమునకు కర్ర చాలదని యెంచినవారిని మనము సుఖముగా కూర్చుండి నిందింపరాదు. అయినను ఆయుధము పెరిగినకొలది నిర్ణయించువారి సంఖ్య తఱుగుట కన్నులకు కట్టుచున్నది. మౌసలపర్వమున యాదవులు ముసలమును పొడిచేసి సముద్రమున కలిపిరి. ఆ పొడి తుంగయై మొలచి, పీకినవారి చేత మరల ముసలమైనది. ఆయుధమును పొడిచేసినంతమాత్రమున లాభము లేదు. కొట్టవలెనను బుద్ధి తీరమున మొలచుచునే యుండును.

ఆ బుద్ధి నేడు మొలచుచున్న తీరము మా బడియే. గదకు నాభి హద్దు. గుత్పకు ఊరి సమ్మతి హద్దు. బెత్తమునకు హద్దేది? గదాయుద్ధమున నెదిరి చేతను గద యుండును. తరగతిలో దండ మొక్కరి చేతనే. దొర చేతి కర్రకును బెత్తమునకును గల పోలిక ఇందే యున్నది. 2009 నాటి విద్యాహక్కు చట్టము పదునేడవ సెక్షను బాలురను శారీరకముగ దండించుటను నిషేధించినది. 2010 ఏప్రిలు నుండి అది యమలులో నున్నది. అయినను నాలుగు దెబ్బలు లేనిదే చదువు రాదను తల్లిదండ్రులును, రక్తము రాలేదు గదా యను ఉపాధ్యాయులును నేటికిని గలరు. ఆ రెండవ మాట బేయూ బిషప్పునకు అంటగట్టిన మాటయే. ఎనిమిదివందల యేండ్ల క్రిందట లాటరన్ సభ యంగీకరింపని దానిని మనము అంగీకరింపనేల?

కడవెండిలోను, పాలకుర్తిలోను బడులు గలవు. అచటి పిల్లలు కొమరయ్య కథను, ఐలమ్మ కథను చదువుకొందురు. కర్రకు వెఱచి తలవంచుట మానిన ఊళ్ల బిడ్డలకు, ఆ ఊళ్ల చరిత్రను కర్ర చూపి నేర్పుట తగదు.