తెరమీది కట్టబొమ్మన

పది సంవత్సరముల క్రిందట మేము చిత్తూరు మండలమున, తెలుగును తమిళమును కలసి వినవచ్చు నొక యూర పాఠములు చెప్పుచున్న కాలమున, పాళెగాండ్ర తిరుగుబాటును గూర్చి పరీక్షలో నొక ప్రశ్న యిచ్చితిమి. ఒక బాలుడు రెండు పుటలు నింపెను. చేవ్రాత చక్కనిది, వాక్యములు గంభీరములు. కాని యందు సంవత్సరము లేదు, స్థలము లేదు, కలహకారణము లేదు. కట్టబొమ్మన దొర యెదుట నిలిచి యాడిన మాటలు మాత్రము పూస గ్రుచ్చినట్లున్నవి. ఎక్కడ చదివితివని యడుగగా, "చదవలేదండీ, మా తాతయ్య టీవీలో చూపించినాడు" అనెను. ఎన్ని మార్కులు వేయవలెనో తోచక మేము చాల సేపు కలము పట్టుకొని కూర్చుంటిమి.

తాత చూపినది 1959 మే నెలలో వెలువడిన 'వీరపాండియ కట్టబొమ్మన్' అను తమిళ చిత్రము. దానికి పుట్టుక నాటకశాలలో గలదు. శివాజీ గణేశన్ బాల్యమున తండ్రితో గూడ కట్టబొమ్మన కథను వీథినాటకముగా చూచి, తానును నటుడు కావలెనని నిశ్చయించుకొనెనట. ఆ కోరిక 1957లో తీరెను. శక్తి టి. కె. కృష్ణసామి వ్రాసిన నాటకమును ఆయన సమాజము ప్రదర్శింపసాగెను. నూరు పర్యాయములకు పైగా ఆడిరి. నూరుమార్లు జనుల యెదుట పలికిన సంభాషణము ఎంత నునుపుదేరునో నాటకము లెరిగినవారికి చెప్పనక్కరలేదు. ఎచట నాగవలెను, ఎచట గొంతెత్తవలెను, ఎచట కరతాళధ్వనుల కెడమీయవలెను అనునది ప్రేక్షకులే దిద్దిరి. కావున యంత్రము ముందు నిలుచునాటికే ఆ పాత్ర పండియుండెను.

కన్నడ తమిళములందును తెలుగునందును చిత్రములు తీసిన బి. ఆర్. పంతులు దానిని తెర కెక్కించెను. గేవాకలరున తీసి, లండను నగరమున టెక్నికలరు ప్రతులు చేయించిరి. తమిళమున నట్టి చిత్ర మదియే మొదటిది. యుద్ధఘట్టములకు జయపురము పోయిరి. అశ్వములు, విశాలమైన బయళ్లు, దుమ్ము – అన్నియు నచట లభించెను. దక్షిణ పాండ్యదేశపు తాటిచెట్లును, ముండ్లపొదలును, పాంచాలంకురిచ్చిలోని మట్టికోటయు మాత్రము లభింపలేదు. నాయకుని భార్య జక్కమ్మ వేషము మన తెలుగు నటీమణి ఎస్. వరలక్ష్మిది. చారిత్రక విషయములలో సలహాదారు మ. పొ. శివజ్ఞానము గారు. ఈయన పేరు ముందు మరల రాగలదు.

ఇక కాగితములలోని కథ. 1798లో కట్టబొమ్మన కుంఫిణీకి బాకీపడిన కప్పము 3310 వరహాలు. కలెక్టరు జాక్సను రామనాథపురమునకు రమ్మని తాఖీదు పంపెను. ఆగస్టు సెప్టెంబరులలో పాళెగాడు మజిలీ వెంట మజిలీగా దొరను వెంబడించెను; దొర దర్శన మీయలేదు. ఎట్టకేలకు రామనాథపురమున దర్శన మైనది. అప్పటికి బాకీలో చాల భాగము తీరి 1080 వరహాలు మాత్రమే మిగిలియుండెను. అయినను కట్టబొమ్మనను, ఆయన మంత్రి శివసుబ్రహ్మణ్య పిళ్లను మూడు గంటల కాలము నిలువబెట్టి విచారించిరి. బయలుదేరబోవునప్పుడు తోపులాట జరిగెను, లెఫ్టినెంటు క్లార్కు చచ్చెను, మంత్రి పట్టుబడెను. ఆ మీదట కట్టబొమ్మన మదరాసు ప్రభుత్వమునకు మొరపెట్టుకొనగా విచారణసంఘము కూర్చుండి, రాజద్రోహదోషము లేదని తేల్చి, మంత్రిని విడిపించెను. జాక్సను కొలువు పోయెను!

చిత్రము చూచి వచ్చిన వారి నోట ఈ కడపటి సంగతి మాకెన్నడును వినబడలేదు. దున్నని వానికి, నాటని వానికి, నీరు పెట్టని వానికి పన్నెందులకని గర్జించు నాయకుడే వారి మనస్సున నిలిచినవాడు. ఆ గర్జన వినుటకు మాకును ఇంపే. కాని మూడు గంటలు నిలువబడిన మనుష్యుడు, ఊరూరు తిరిగి దర్శనము దొరకని మనుష్యుడు, అర్జీ వ్రాసి న్యాయము పొందియు మరుసటి యేటనే ఉరికంబ మెక్కిన మనుష్యుడు – వీడు గర్జించువానికంటె మాకు దగ్గరివాడు. కచ్చేరీ వాకిట నిలువబడి యెరిగిన మన దేశీయులలో వానిని గుర్తింపని వాడెవడు?

1799 సెప్టెంబరులో మేజరు బానర్మను కోటపై బడెను. కట్టబొమ్మన తప్పించుకొని పుదుక్కోట సీమ యడవులలో దాగెను. పట్టి యిచ్చినవాడు పుదుక్కోట తొండమాను. అక్టోబరు 16వ తేదీన కయత్తారులో ఉరిదీసిరి. అయినను ద్రోహి యనగానే తమిళుల నోట వచ్చు పేరు తొండమానుది కాదు. ఎట్టయపురము ప్రభువు ఎట్టప్పనిది. అతడు కుంఫిణీకి తోడ్పడుటయు, పిదప పాంచాలంకురిచ్చి గ్రామములలో పాలు పొందుటయు నిజమే. కాని ఈ రెండు పాళెములకును పొలిమేర తగవులు వెనుకటినుండియు గలవు. కట్టబొమ్మన మనుష్యులును ఎట్టయపురము పొలములపై బడుచుండిరి. తెరమీద ఈ పొరుగు పగకు చోటు చాలదు. ఒకడు దేశము, ఒకడు ద్రోహము. చిత్ర మాడిన పిదప ఒక వంశనామము తిట్టుగా స్థిరపడెను. సుబ్రహ్మణ్య భారతి పుట్టినది ఆ యూరనే. 'భారతి' బిరుదమును ఆ సంస్థానసభలోనే పొందెను. ఆ యూరి బాలుడు బడిలో తన యూరిపేరు చెప్పుటకు సంకోచింపవలసి వచ్చినయెడల దాని పాప మెవరిది?

తెలుగు చదువరులకు ఇందొక విశేషము గలదు. ఉరి యెక్కినవాడును, ద్రోహి యనిపించుకొన్నవాడును ఉభయులును రాజకంబళ నాయకులే. విజయనగర కాలమున దక్షిణమునకు వలసపోయిన తెలుగు కుదురు వారే. 'గెట్టిబొమ్మ' యను తెలుగు పేరే తమిళుల నోట కట్టబొమ్మన యైనదని చెప్పుదురు. అట్టివానిని తమిళవీరునిగా నిలిపిన శివజ్ఞానము గారెవరు? మదరాసు నగరము తమిళులదేయని పోరాడి, తిరుపతివరకు హద్దు జరుపవలెనని పట్టుబట్టి, తుదకు 1960లో తిరుత్తణి నటువైపు చేర్చుకొన్న యుద్యమమునకు నాయకుడు! మేమీ మాట ఎత్తిపొడుపుగా చెప్పుట లేదు. వీరునికి కులమును భాషను వెదకి పంచుకొనుట మొదలిడినచో మిగులున దేమియు నుండదు. ఆయన ఆ లెక్క చూడకుండుటే మేలయ్యెను. 'వీరపాండ్య కట్టబ్రహ్మన' యను పేర ఆ చిత్రము తెలుగు మాటలతో మన చెంతకును వచ్చెను. తన వారి భాషకు అనువాదముగా తిరిగి వచ్చెనన్నమాట.

చిత్రమునకు కలిగిన యాదరము సామాన్యమైనది కాదు. 1960లో కైరో నగరమున జరిగిన ఆఫ్రికా ఆసియా చలనచిత్రోత్సవమున గణేశనుకు ఉత్తమనట బహుమానము, సంగీతమునకు జి. రామనాథనుకు మరియొకటి లభించెను. ఎదురుగాలియు వీచెను. తమిళ్‌వాణన్ అను రచయిత కట్టబొమ్మన కొల్లగాడని ఒక పుస్తకమే ప్రకటించెను. అదే మే నెలలో కవి కణ్ణదాసన్ మరుదు సోదరుల కథను 'శివగంగై సీమై' యను చిత్రముగా తెచ్చి పోటీ నిలిపెను. చరిత్రలో ఆ మరుదు సోదరులే, 1801లో పాళయంకోట చెర తప్పించుకొని మరల పోరాడిన కట్టబొమ్మన తమ్ముడు ఊమైదురకు ఆశ్రయ మిచ్చినవారు. రణమున కలసినవారు కొట్టకలలో తలపడిరి.

రెండేండ్లకు పంతులు మరల సాహసించెను. అదే దర్శకుడు, అదే నటుడు. శివజ్ఞానము గారి గ్రంథమే యాధారము. ఆంగ్లేయుల కెదురుగా స్వదేశీ నౌకాసంఘము స్థాపించి, చెరలో గానుగ లాగిన చిదంబరం పిళ్ల కథను 1961లో 'కప్పలోట్టియ తమిళన్'గా తీసెను. సత్యమునకు మిక్కిలి దగ్గరగా తీసెను. జనులు రాలేదు. ఖడ్గము పట్టినవానికి చప్పట్లు చరచిన చేతులు, వాటాలమ్మి ఓడలు కొన్నవానికి టిక్కెట్టు కొనుటకు రాలేదు. మేము రెండు చిత్రములను చూచితిమి. గానుగ ఘట్టమున మా కన్నులు చెమర్చినవి. అయినను మరునాడు మా నోట మెదలినవి మొదటి చిత్రపు మాటలే. ఇది మా దోషము కాదని చెప్పజాలము.

గణేశన్ కయత్తారులో తన సొమ్ముతో స్థలము కొని కట్టబొమ్మనకు విగ్రహము నెత్తించెను. పాంచాలంకురిచ్చిలో 1974లో ప్రభుత్వము క్రొత్త కోటయొకటి కట్టించెను. దాని చేరువ 1801లో కుంఫిణీవారు నేలమట్టము చేసిన పాతకోట పునాదులును, కొంతదూరమున ఆ కోట ముందు కూలిన తెల్లసిపాయీల సమాధులును గలవు.

ఆ బాలునికి తుదకు మేము పదింట ఐదు మార్కులు వేసి, క్రింద "సంవత్సరము, స్థలము, కారణము వ్రాసి తెమ్ము" అని వ్రాసితిమి. మరునాడు తెచ్చెను. 1080 వరహాల లెక్క చదివి, "ఇంత తక్కువేనా అయ్యా?" అని అడిగెను.