సెనోయ్‌ల స్వప్న మతం: కల్పన, వాస్తవం

ఈ భాగంలో మనం ఒక విచిత్రమైన మతాన్ని గురించి తెలుసుకుంటాం. ఇరవయ్యో శతాబ్దం రెండో సగంలో అమెరికాలో ఎందరో దీన్ని మెచ్చుకున్నారు, కొందరు సాధన కూడా చేశారు. కానీ ఇది ఏ ప్రజల మతమని చెప్పారో, ఆ ప్రజలకు మాత్రం దీని సంగతి తెలియదు.

మలయా ద్వీపకల్పంలో పెరాక్, కెలంతాన్ రాష్ట్రాల మధ్య దట్టమైన కొండ అడవులు ఉన్నాయి. (పెరాక్ పేరు మీలో కొందరు వినే ఉంటారు. ఆ రాష్ట్రపు పల్లపు ప్రాంతంలోని కొబ్బరి తోటలకు ఒకప్పుడు తెలుగు కుటుంబాలు కూలికి వలస వెళ్ళాయి.) ఈ కొండల్లో నివసించే టెమియార్, వారికి దక్షిణాన ఉండే సెమాయ్ మొదలైన తెగలను కలిపి సెనోయ్‌లు అంటారు. ఆ మాటకు వారి భాషల్లో మనిషి అని అర్థం. పోడు వ్యవసాయం, ఊదుగొట్టంతో విషపు ముల్లు వదిలి చేసే వేట వీరి సంప్రదాయ జీవనాధారాలు.

కథ ఎలా పుట్టింది?

1930లలో తైపింగ్‌లోని పెరాక్ మ్యూజియంలో హెచ్.డి. నూన్ అనే యువ బ్రిటిష్ మానవశాస్త్రవేత్త పనిచేసేవాడు. టెమియార్ స్త్రీని వివాహమాడి, వారి భాష నేర్చి, 1936లో వారి స్థితిగతులపై ఒక నివేదిక ప్రచురించాడు. 1934లో కిల్టన్ స్టీవార్ట్ అనే అమెరికన్ అతన్ని కలిసి, అతని వెంట అడవిలో తిరిగాడు. 1938లో మరికొన్ని వారాలు గడిపాడు. స్టీవార్ట్‌కు టెమియార్ భాష రాదు. నూన్ మీద, దుబాసీల మీద ఆధారపడ్డాడు. ఈ విషయాన్ని విద్యార్థులు గుర్తుంచుకోవాలి.

1951లో స్టీవార్ట్ మలయాలోని స్వప్న సిద్ధాంతం గురించి ఒక వ్యాసం రాశాడు. దాని ప్రకారం సెనోయ్ ఇళ్ళలో పొద్దున్నే ఫలహారం వేళ పిల్లలు తమ కలలు చెప్తారు, పెద్దలు వాటిని విశ్లేషిస్తారు. కలలో పులి తరిమితే పారిపోకూడదు, ఎదురు తిరిగి పోరాడాలి, అవసరమైతే తోటివారిని కలలోకి పిలవాలి. కింద పడిపోతున్నట్లు కల వస్తే భయపడకుండా, ఆ పడటం ఎక్కడికి తీసుకుపోతుందో చూడాలి. ఓడిన శత్రువు మిత్రుడవుతాడు. కలలో కనబడినవారి నుంచి ఒక పాటో, బొమ్మో, ఉపాయమో కానుకగా తీసుకొని మేల్కొనాలి. ఇలా పెరిగినందువల్లనే ఈ జాతిలో రెండు మూడు వందల ఏళ్ళుగా హింసాత్మక నేరమే జరగలేదని స్టీవార్ట్ చెప్పాడు.

వ్యాసాన్ని మొదట పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. 1969లో చార్లెస్ టార్ట్ స్పృహలోని వివిధ స్థితులపై తెచ్చిన సంకలనంలో దాన్ని తిరిగి వేశాడు. అది వియత్నాం యుద్ధకాలం. యుద్ధమంటే విసిగిన యువతరానికి, కలల ద్వారా శాంతి సాధించిన అడవి జాతి అన్న మాట ఎంత తీయగా వినబడి ఉంటుందో ఊహించవచ్చు. 1974లో పాట్రీషియా గార్ఫీల్డ్ రాసిన కలల పుస్తకం సెనోయ్ పద్ధతిని ఇంటింటి సాధనగా మార్చింది. లూసిడ్ డ్రీమింగ్, అంటే ఇది కల అనే ఎరుకతోనే కల కనడం, పట్ల ఆసక్తి పెరుగుతున్న రోజులవి. ఆ అనుభవం నిజమేనని ఇంగ్లండులో కీత్ హెర్న్, అమెరికాలో స్టీఫెన్ లాబర్జ్ ప్రయోగశాలల్లో నిరూపించారు. నిద్రలో ఉన్నవారు ముందుగా అనుకున్న విధంగా కళ్ళు కదిలించి సంకేతం ఇవ్వగలిగారు. ఆ నిరూపణకు సెనోయ్‌ల అవసరం లేదు. అయినా ప్రజల మనసులో రెండూ కలిసిపోయాయి.

ఆధారాల పరీక్ష

ఒక కథనం ఎన్ని పుస్తకాల్లో కనబడినా, అవన్నీ ఒకే మూలం నుంచి తీసుకున్నవైతే చరిత్రకారుడికి అది ఒకే సాక్ష్యం. ఇక్కడ జరిగింది అదే. అమెరికన్ సామాజిక శాస్త్రవేత్త విలియం డోమ్‌హాఫ్ 1985లో ప్రచురించిన గ్రంథంలో ఈ దారాన్ని వెనక్కి లాగుతూ పోయాడు. స్టీవార్ట్ 1948లో లండన్‌లో సమర్పించిన సిద్ధాంత గ్రంథంలో టెమియార్‌ల కలలు ఉన్నాయి గాని, వాటిని అదుపు చేసే శిక్షణకు ఆధారం లేదు. 1960లలో సెమాయ్‌ల మధ్య నివసించిన రాబర్ట్ డెంటన్‌కు గాని, టెమియార్‌ల భాష నేర్చిన జెఫ్రీ బెంజమిన్‌కు గాని పొద్దుటి స్వప్న పాఠశాల కనబడలేదు. సెమాయ్‌లు చాలా కలలను అర్థం లేనివిగా కొట్టిపారేస్తారని కూడా డెంటన్ గమనించాడు.

నేరమే లేదన్న మాటకు అన్నింటికన్నా విషాదకరమైన సమాధానం నూన్ మరణం. జపాన్ ఆక్రమణ కాలంలో అడవిలో దాగిన నూన్‌ను 1943లో అతనికి సన్నిహితులైన టెమియార్‌లే చంపారని, తరువాత అతని తమ్ముడు రిచర్డ్ జరిపిన విచారణలో తేలింది. సెనోయ్‌లు సాధారణంగా శాంతస్వభావులన్నది నిజమే. దానికి కారణం కలలేనా? పందొమ్మిదో శతాబ్దమంతా బానిసలను పట్టుకుపోయే దండులు వారి పల్లెల మీద పడేవి. పెద్దలను చంపి పిల్లలను అమ్ముకునేవారు. పోరాడటం కన్నా అడవిలోకి తప్పుకోవడమే మేలని అలాంటి అనుభవం నేర్పదా?

స్టీవార్ట్ మోసగాడని తేల్చేయడం తొందరపాటు. తాను నమ్మిన మానసిక చికిత్సా పద్ధతిని అతను టెమియార్‌లలో చూసుకున్నాడు. కథలు బాగా చెప్పగల మనిషి, బహుశా తన కథను తానే నమ్మాడు.

ఆగి ఆలోచించండి: 1951 నాటి వ్యాసాన్ని టెమియార్‌ల చరిత్రకు కాక, మరి దేని చరిత్రకు ఆధారంగా వాడవచ్చు?

టెమియార్‌ల కలలు

టెమియార్‌ల మతంలో కలకు చాలా పెద్ద స్థానం ఉంది. అయితే అది స్టీవార్ట్ చెప్పినదానికి దాదాపు వ్యతిరేకం. నిద్రలో మనిషి తలలోని ఆత్మ బయట తిరుగుతుంది. పండ్ల చెట్టు, కొండ, ఏరు, పులి వంటివాటి ఆత్మలు దానికి ఎదురవుతాయి. వాటిలో ఒకటి ఇతనిపై మమత పెంచుకొని, నీ బిడ్డనవుతానని వచ్చి పాట నేర్పుతుంది. దాన్ని గునిగ్ అంటారు. పాట పొందినవాడు రాత్రి వేడుకలో ఒక్కో పాదం పాడుతుంటే, స్త్రీలు వెదురు బొంగులను నేలకు తాటిస్తూ ఆ పాదాన్ని తిరిగి అందుకుంటారు. ఆ పాటతోనే రోగికి చికిత్స. ఇక్కడ పోరాటం లేదు, కానుక లాక్కోవడం లేదు. కలను ఏలాలనే కోరికే లేదు. ఇష్టపడి వచ్చినదాన్ని ఇంట్లో బిడ్డలా చూసుకోవడం ఉంది.

స్టీవార్ట్ వ్యాసం వెలువడిన 1951లో మలయాలో బ్రిటిష్ ప్రభుత్వానికి, కమ్యూనిస్టు గెరిల్లాలకు మధ్య యుద్ధం నడుస్తోంది. గెరిల్లాలకు తిండి అందకూడదని సైన్యం ఆదివాసులను కొండల నుంచి దింపి కంచెల శిబిరాల్లో ఉంచింది. పల్లపు వేడికి, రోగాలకు, బెంగకు వందలాది మంది చనిపోయారు. కల్పిత సెనోయ్‌లను ఆరాధించిన పుస్తకాల్లో ఈ మాట వెతికినా దొరకడం కష్టం. కలల్లో ఆనందంగా పులులను జయిస్తున్న జాతికి కష్టాలెక్కడివి?

1980లలో కెలంతాన్ టెమియార్‌ల సంగీతాన్ని అధ్యయనం చేసిన మరీనా రోజ్‌మన్, కలల్లో పాటలిచ్చే ఆత్మల జాబితా పెరుగుతూ వచ్చిందని రాసింది. చెట్లు, కొండలతో పాటు బయటి నుంచి అడవిలోకి వచ్చిన వస్తువులు కూడా అందులో చేరాయి. విమానం ఆత్మ వచ్చి పాట ఇచ్చింది. దుకాణంలో అమ్మే రేకు డబ్బా చేపల ఆత్మ కూడా వచ్చి తన పాట ఇచ్చింది.